గోల్స్ కొడుతున్నా పైనుంచి పిలుపు ఎందుకు రాదు? రికీ లాంబర్ట్ నడిచిన దారి

అడిగిన ప్రశ్న ఇది: "ప్రీమియర్ లీగ్ వారం వారం చూస్తాం. కింది లీగుల నుంచి ఎక్కి ప్రీమియర్ లీగ్ గెలిచిన జేమీ వార్డీ కథ కూడా విన్నాం. కానీ లీగ్ వన్, లీగ్ టూ లాంటి కింది లీగుల్లో ఆడే స్ట్రయికర్ల బతుకు నిజంగా ఎలా ఉంటుంది? సీజన్‌కి ఇరవై గోల్స్ కొట్టేవాణ్ని పెద్ద క్లబ్బులు ఎందుకు తీసుకెళ్లవు?"

నేను 2006 సెప్టెంబర్‌లో చదువు కోసం బ్రిస్టల్ వచ్చాను. ప్రీమియర్ లీగ్ మ్యాచ్‌కి టికెట్ కొనే స్తోమత అప్పుడు లేదు. నేను ఉన్న గది నుంచి నడిచి వెళ్లేంత దూరంలో హార్‌ఫీల్డ్‌లో మెమోరియల్ స్టేడియం ఉండేది. అది బ్రిస్టల్ రోవర్స్ సొంత మైదానం. అప్పట్లో ఆ క్లబ్ లీగ్ టూలో, అంటే నాలుగో అంచెలో ఉంది. నేను రావడానికి కొద్ది రోజుల ముందే, ఆగస్టు 31న, రోచ్‌డేల్ అనే చిన్న క్లబ్ నుంచి 2 లక్షల పౌండ్లకు ఒక స్ట్రయికర్‌ని కొన్నారు. అతనే రికీ లాంబర్ట్. మూడేళ్లు అతని ఆట నిలబడి చూశాను. ఆ తర్వాత ఉద్యోగం వల్ల నేను సౌతాంప్టన్ చేరితే, అతను అప్పటికే అక్కడ ఆడుతున్నాడు. పదేళ్లకు పైగా ఇక్కడి పిల్లల జట్లకు ఆదివారాలు కోచింగ్ ఇస్తున్నాను కూడా. కాబట్టి మీ ప్రశ్నకు అతని కెరీర్ మీదుగానే జవాబు చెప్తాను. దాన్ని మించిన ఉదాహరణ నాకు తెలియదు.

ముందు ఆ లీగుల సంగతి కాస్త. ప్రీమియర్ లీగ్‌లో 20 క్లబ్బులు. దాని కింద ఛాంపియన్‌షిప్, లీగ్ వన్, లీగ్ టూ, ఒక్కోదాంట్లో 24. మొత్తం 92. ఆ కింద నేషనల్ లీగ్, దాని కింద ఇంకా బోలెడు అంచెలు. ఏ క్లబ్ అయినా పైకి ఎక్కొచ్చు, కిందికి జారొచ్చు. మన వెంకీస్ వాళ్లు 2010లో కొన్న బ్లాక్‌బర్న్ రోవర్స్ సంగతే చూడండి, 2012లో ప్రీమియర్ లీగ్ నుంచి పడింది, 2017లో లీగ్ వన్‌కి కూడా జారింది. ఒకప్పుడు ప్రీమియర్ లీగ్ ఛాంపియన్ అది.

కింది మూడు లీగుల్లోనూ సీజన్‌కి 46 లీగ్ మ్యాచ్‌లు. కప్ పోటీలు వేరే. శనివారం మ్యాచ్ ఆడి, మంగళవారం రాత్రి మళ్లీ ఆడాలి. ప్లిమత్, కార్లైల్ రెండూ లీగ్ టూలో ఉన్న రోజుల్లో ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి 600 కిలోమీటర్ల పైమాటే. అంటే హైదరాబాద్ నుంచి విశాఖ వెళ్లినంత. బస్సులో వెళ్లి, తొంభై నిమిషాలు సెంటర్ హాఫ్‌ల (గోల్ ముందు కాపలా కాసే డిఫెండర్ల) మోచేతి దెబ్బలు తిని, మళ్లీ అదే బస్సులో తెల్లవారుజామున ఇల్లు చేరాలి.

అయితే ఆటగాళ్లను ఎక్కువ నలిపేది ప్రయాణం కాదు, మే నెల. ఈ లీగుల్లో చాలామందికి ఒకటి రెండేళ్ల కాంట్రాక్టులే ఉంటాయి. జూన్ 30తో అవి ముగిసిపోతాయి. సీజన్ అయిపోగానే ప్రతి క్లబ్బూ ఎవర్ని ఉంచుకుంటున్నామో, ఎవర్ని వదిలేస్తున్నామో జాబితా విడుదల చేస్తుంది. రిటెయిన్డ్ లిస్ట్ అంటారు. ఏటా వందల మంది పేర్లు 'వదిలేసినవాళ్ల' వైపు ఉంటాయి. పెళ్లయి, పిల్లలు బడికి వెళ్తున్న ముప్పై ఏళ్ల మనిషి వచ్చే ఆగస్టులో ఏ ఊళ్లో ఉంటాడో తెలియక జూన్ అంతా ఫోన్ పట్టుకుని కూర్చుంటాడు. డిఫెండర్‌కైనా, గోల్‌కీపర్‌కైనా ఆ టెన్షన్ ఉంటుంది. కానీ స్ట్రయికర్‌కి అతని పేరు పక్కన ఒక అంకె ఉంటుంది. ఈ సీజన్‌లో ఎన్ని గోల్స్? ఆరు అయితే ఒక బతుకు, పదహారు అయితే ఇంకో బతుకు.

ఇక లాంబర్ట్ దగ్గరికి వస్తాను. 1982లో పుట్టాడు. ఊరు లివర్‌పూల్ పక్కనే ఉన్న కర్క్‌బీ. చిన్నప్పుడే లివర్‌పూల్ అకాడమీలో చేరాడు. పదిహేనేళ్లప్పుడు వాళ్లు వదిలేశారు. తర్వాత బ్లాక్‌పూల్ చేరాడు, అక్కడా నిలవలేదు. జీతం ఇచ్చే క్లబ్ లేక, మాక్లస్‌ఫీల్డ్ టౌన్ జట్టుతో డబ్బు తీసుకోకుండానే ప్రాక్టీస్ చేస్తూ, పూట గడవడానికి ఒక బీట్‌రూట్ ఫ్యాక్టరీలో పనికి కుదిరాడు. సీసాలకు మూతలు బిగించే పని. రోజుకు 20 పౌండ్లు. అప్పటికి అతనికి ఇంకా ఇరవై ఏళ్లు కూడా నిండలేదు.

ఈ బీట్‌రూట్ ముచ్చట ప్రతి వ్యాసంలోనూ కనిపిస్తుంది. ఫ్యాక్టరీ నుంచి ఇంగ్లండ్ జట్టుకి అని శీర్షిక పెట్టేసి, మధ్యలో గడిచిన పన్నెండేళ్లను రెండు వాక్యాల్లో దాటేస్తారు. అది నాకు బాధగా ఉంటుంది. అతన్ని స్ట్రయికర్‌గా తయారు చేసింది ఆ మధ్య ఏళ్లే.

మాక్లస్‌ఫీల్డ్ అతనికి కాంట్రాక్టు ఇచ్చింది. ఒక్క సీజన్ ఆడాడో లేదో, 2002లో స్టాక్‌పోర్ట్ కౌంటీ 3 లక్షల పౌండ్లు పెట్టి కొన్నది. మాక్లస్‌ఫీల్డ్ లాంటి క్లబ్‌కి అది చాలా పెద్ద డబ్బు. కానీ స్టాక్‌పోర్ట్‌లో మొదటి సీజన్ నిరాశే మిగిలింది. రెండో సీజన్ నయం. ఆ తర్వాత జట్టే కుంగిపోయింది. 2005లో ఆ క్లబ్ లీగ్ టూకి దిగిపోయింది, అంతకు కొద్ది నెలల ముందే అతను రోచ్‌డేల్‌కి ఫ్రీ ట్రాన్స్‌ఫర్ మీద వెళ్లిపోయాడు. మూడేళ్ల కిందట 3 లక్షల పౌండ్ల ధర పలికినవాడు ఇప్పుడు పైసా ఖర్చు లేకుండా చేతులు మారాడన్నమాట. ఇరవై మూడేళ్లకు ఈ స్థితి వస్తే చాలామంది కెరీర్ ఇక పైకి లేవదు. వయసు అయిపోయిందని కాదు. 'వీడు ఒకసారి అవకాశం వచ్చి పోగొట్టుకున్నవాడు' అనే ముద్ర పడిపోతుంది. ఆటగాళ్లను వెతుకుతూ తిరిగే స్కౌట్ల నోట్ పుస్తకాల్లోంచి ఆ ముద్ర చెరపడం చాలా కష్టం.

రోచ్‌డేల్ గురించి ఒక మాట చెప్పాలి. మాంచెస్టర్‌కి ఉత్తరాన ఉన్న ఊరు. 1974 నుంచి 2010 దాకా, 36 ఏళ్లు వరసగా నాలుగో అంచెలోనే ఆడిన క్లబ్ అది. పైకి పోలేదు, కిందికీ పడలేదు. బయటివాళ్లు చిన్నచూపు చూసేవారు గానీ, స్ట్రయికర్లను పట్టుకోవడంలో, వాళ్లకు ఆడే చోటు ఇవ్వడంలో ఆ క్లబ్‌కి ఉన్న ఒడుపు గొప్పది. 2005లో అక్కడ లాంబర్ట్ పక్కన ఆడిన మరో స్ట్రయికర్ ఎవరో తెలుసా? గ్రాంట్ హోల్ట్. బారో లాంటి నాన్-లీగ్ (ఆ 92కి కింద ఉండే) క్లబ్బుల్లో, సింగపూర్‌లో, ఆస్ట్రేలియాలో కూడా ఆడి వచ్చినవాడు. ఆ ఇద్దరూ ఒకే ముందు వరసలో ఉండేవారు. 2011-12లో నార్విచ్ తరఫున హోల్ట్ ప్రీమియర్ లీగ్‌లో 15 గోల్స్ కొట్టాడు. ఆ మరుసటి సీజన్ సౌతాంప్టన్ తరఫున లాంబర్ట్ కూడా సరిగ్గా 15 కొట్టాడు. రోచ్‌డేల్‌లో కొన్ని వేల మంది ముందు ఆడిన జంట అది. వాళ్లిద్దరూ వెళ్లిపోయాక అదే క్లబ్‌కి వచ్చినవాడు గ్లెన్ మరీ. తర్వాత అతనూ బ్రైటన్ జెర్సీలో ప్రీమియర్ లీగ్ గోల్స్ కొట్టాడు.

లాంబర్ట్‌కి అక్కడ దొరికింది ఒక్కటే: కుదురు. కెరీర్ మొదట్లో అతన్ని మిడ్‌ఫీల్డ్‌లో కూడా ఆడించారు. రోచ్‌డేల్‌లో వారం వారం ముందు వరసలోనే నిలబెట్టారు. 2005-06లో 22 లీగ్ గోల్స్ కొట్టాడు. నా ఉద్దేశంలో అతని జీవితం మలుపు తిరిగింది ఆ సీజన్‌లోనే, సౌతాంప్టన్‌లో కాదు.

బ్రిస్టల్‌లో నేను చూసింది చెప్తాను. మొదటి సీజన్ గ్యాస్‌హెడ్స్‌కి (రోవర్స్ అభిమానులను అలా అంటారు, పాత మైదానం పక్కన గ్యాస్ ఫ్యాక్టరీ ఉండేది) అతని మీద నమ్మకం కుదరలేదు. లీగ్‌లో 8 గోల్సే. నా పక్కన నిలబడే పెద్దాయన మ్యాచ్ మొదలైన పది నిమిషాలకే గొణగడం మొదలుపెట్టేవాడు, ఇతనికి ఇంత డబ్బు ఎందుకు పోశారని. లాంబర్ట్ వేగంగా పరిగెత్తడు. ఒళ్లు కొంచెం బరువు. బంతి అవతలికి పోతే వెంటపడి తెచ్చే రకం కాదు. నాకూ మొదట అర్థం కాలేదు. కానీ టెర్రస్ (నిలబడి చూసే మెట్ల గ్యాలరీ) మీద గోల్ పోస్టుకి కాస్త పక్కగా నిలబడితే టీవీలో కనిపించనివి కనిపిస్తాయి. కీపర్ బంతిని పొడవుగా తన్నడానికి అడుగు వెనక్కి వేసినప్పుడే లాంబర్ట్ తల తిప్పి ఒకసారి వెనక్కి చూసేవాడు. బంతి గాల్లో ఉండగా ఇంకోసారి చూసేవాడు. డిఫెండర్ ఏ భుజం వైపు ఉన్నాడో తెలిసిపోయేది. అప్పుడు తుంటితో వాణ్ని ఆనించి ఆపి, మోచెయ్యి ఎత్తకుండా చెయ్యి చాచి, బంతిని ఛాతీ మీద దించి, అది నేల తాకేలోపే పక్కన పరిగెత్తే వింగర్‌కి అందించేవాడు. ఇదంతా రెండు సెకన్ల పని. అవతలి డిఫెండర్ తప్పు చేసినట్టు కూడా కనిపించేది కాదు. అంత పొందికగా ఉండేది.

ఆ సీజన్ ఆఖరి రోజున హార్టిల్‌పూల్‌లో అతను కొట్టిన గోల్ వల్లే రోవర్స్ ప్లేఆఫ్స్‌కి (పై లీగ్‌కి ఎక్కే ఆఖరి చోటు కోసం ఆడే మ్యాచ్‌లకు) వెళ్లింది. 2007 మేలో వెంబ్లీలో ష్రూస్‌బరీని 3-1తో ఓడించి లీగ్ వన్‌కి ఎక్కింది. అక్కడి నుంచి అతను ఆగలేదు. 2008 ఫిబ్రవరిలో అన్ని అంచెల క్లబ్బులూ కలిసి ఆడే ఎఫ్ఏ కప్ ఐదో రౌండ్‌లో మెమోరియల్ స్టేడియానికి తమకన్నా పై అంచెలో ఉన్న సౌతాంప్టన్ వచ్చింది. మ్యాచ్ ఇంకో ఆరేడు నిమిషాల్లో అయిపోతుందనగా ఫ్రీ కిక్ దొరికింది. లాంబర్ట్ తన్నిన బంతి దారిలో ఒకరికి తగిలి, దిశ మారి, వలలో పడింది. 1-0. అదృష్టం కూడా కలిసొచ్చిన గోలే. కానీ ఆ ఫ్రీ కిక్‌ను అంత బలంగా తన్నగలవాడు ఆ మైదానంలో ఇంకొకరు లేరు. ఆ అరుపుల్లో నా పక్కనున్న పెద్దాయన నన్ను పట్టుకుని ఊపేశాడు. ఆ రోజు తర్వాత ఆయన లాంబర్ట్ గురించి ఒక్క మాట అనగా వినలేదు. ఆ మరుసటి సీజన్, 2008-09లో, లాంబర్ట్ 29 లీగ్ గోల్స్ కొట్టి, లీగ్ వన్‌లో అత్యధిక గోల్స్ కొట్టిన ఇద్దరిలో ఒకడయ్యాడు.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న. అంత కొడుతున్నవాణ్ని పైవాళ్లు ఎందుకు పట్టుకుపోలేదు? పెద్ద క్లబ్బులు కింది లీగ్ గోల్స్‌ని వాటి ముఖవిలువకు లెక్కవేయవు. లీగ్ వన్ డిఫెండర్ అర సెకను ఆలస్యంగా కదిలితే స్ట్రయికర్‌కి ఆ అర సెకను దొరుకుతుంది. పైన అది దొరకదని వాళ్ల భయం. అందుకే వాళ్లు ముందుగా వెతికేది వేగం. వేగం ఏ లీగ్‌లోనైనా వేగమే. లాంబర్ట్‌లో లేనిది అదే. వయసు లెక్క ఇంకోటి. 20 ఏళ్ల కుర్రాణ్ని కొంటే రేపు ఎక్కువకు అమ్ముకోవచ్చు. 27 ఏళ్లవాణ్ని కొంటే ఆ డబ్బు తిరిగి రాదు. అందుకని అతని విషయంలో తప్పు పడితే ఆ తప్పు మేనేజర్ (ఇక్కడ జట్టు ముఖ్య కోచ్‌ని అలా అంటారు) మెడకు చుట్టుకుంటుంది. మేనేజర్ల ఉద్యోగాలు ఇక్కడ ఏడాది నిలవడమే గొప్ప. ఎవరు ఆ ధైర్యం చేస్తారు? ఇవి కాక, మొదట చెప్పిన ఆ 'ముద్ర' ఉండనే ఉంది.

నిజం చెప్పాలంటే ఆ భయాల్లో కొంత న్యాయం ఉంది. కింద దుమ్మురేపి, పైకి వెళ్లాక బెంచీ మీద రెండేళ్లు కూర్చుని మళ్లీ కిందికే వచ్చినవాళ్లను నేను చాలామందిని చూశాను. కానీ ఒక్కసారి తల తిప్పి చూసి డిఫెండర్ ఎక్కడున్నాడో తెలుసుకునే తెలివి కూడా ఏ లీగ్‌లోనైనా తెలివే. దాన్ని కొలిచే ఓపిక వాళ్లకు లేదు. నా ఫిర్యాదు అదే.

2009 ఆగస్టులో 10 లక్షల పౌండ్లకు కాస్త ఎక్కువ పెట్టి కొన్నది అదే సౌతాంప్టన్. అప్పటికి ఆ క్లబ్ అప్పుల్లో మునిగి, లీగ్ వన్‌కి పడిపోయి, 10 పాయింట్ల కోతతో సీజన్ మొదలుపెట్టింది. మార్కస్ లీబర్ అనే స్విట్జర్లాండ్ వ్యాపారి వచ్చి క్లబ్‌ను బతికించాడు. మేనేజర్ అలన్ పార్డ్యూ లాంబర్ట్‌కి మొహమాటం లేకుండా చెప్పింది ఫిట్‌నెస్ గురించి. ఇరవై ఏడేళ్ల వయసులో, పదేళ్ల కెరీర్ తర్వాత, ఒళ్లు తగ్గించి కొత్తగా మొదలుపెట్టడం మాటలు కాదు. అతను చేశాడు. ఆ సీజన్ లీగ్‌లోనే 30 గోల్స్. ఆ కోత లేకపోతే జట్టు ప్లేఆఫ్స్‌కి వెళ్లేది కూడా. 2011లో ఛాంపియన్‌షిప్‌కి, 2012లో ప్రీమియర్ లీగ్‌కి, వరసగా రెండేళ్లు రెండు మెట్లు ఎక్కారు. ఛాంపియన్‌షిప్‌లో అతనివి 27 గోల్స్, ఆ లీగ్‌లో అందరికన్నా ఎక్కువ.

సౌతాంప్టన్‌కి అతను 34 పెనాల్టీలు తన్నాడు. 34కి 34 గోల్స్. ఒక్కటీ వృథా పోలేదు. క్లబ్ సొంత మైదానం సెయింట్ మేరీస్‌లో వాటిలో కొన్ని చూశాను. బంతిని పెట్టి, వెనక్కి నడిచి, కీపర్ ముఖం వంక చూడకుండా వచ్చి గట్టిగా బాదేవాడు. చిన్న చిన్న అడుగులు వేసి కీపర్‌ని ఊరించడం, ఆగడం లాంటివి లేవు. పిల్లలకు పెనాల్టీ నేర్పేటప్పుడు ఇప్పటికీ నేను అదే చెప్తాను: ముందే చోటు ఎంచుకో, తర్వాత మనసు మార్చుకోకు.

2012 ఆగస్టు 19న, ప్రీమియర్ లీగ్‌కి తిరిగి ఎక్కాక సౌతాంప్టన్ మొదటి మ్యాచ్, ఛాంపియన్ మాంచెస్టర్ సిటీ మీద, వాళ్ల మైదానంలోనే. లాంబర్ట్ బెంచీ నుంచి వచ్చాడు, గోల్ కొట్టాడు. 3-2తో ఓడిపోయారు గానీ, ముప్పై ఏళ్ల వయసులో ఆ లీగ్‌లో అడుగుపెట్టిన రోజే జవాబు చెప్పేశాడు.

మరుసటి ఏడాది ఆగస్టులో అతని భార్య ప్రసవించిన రోజుల్లోనే ఇంగ్లండ్ జట్టు నుంచి కబురు వచ్చింది. 14వ తేదీన వెంబ్లీలో స్కాట్లండ్‌తో మ్యాచ్. స్కోరు 2-2. రూనీ బయటికి వచ్చాడు, 31 ఏళ్ల లాంబర్ట్ లోపలికి వెళ్లాడు. లైటన్ బెయిన్స్ కార్నర్ తన్నాడు. లాంబర్ట్ తలతో కొట్టాడు. ఇంగ్లండ్ తరఫున అతనికి అదే మొదటి టచ్, అదే గెలుపు గోల్. యూట్యూబ్‌లో దొరుకుతుంది, చూడండి. బంతి రాకముందు అతని అడుగులు గమనించండి. రోచ్‌డేల్‌లో, బ్రిస్టల్‌లో వేల సార్లు వేసిన అడుగులే అవి.

తర్వాతి భాగం త్వరగా చెప్తాను. 2014లో ప్రపంచ కప్ జట్టులో ఉన్నాడు, ఉరుగ్వే మీద ఆఖరి కొన్ని నిమిషాలు ఆడాడు. పదిహేనేళ్లకు తనను వదిలేసిన లివర్‌పూల్‌ 40 లక్షల పౌండ్లకు అతన్ని వెనక్కి తీసుకుంది. అక్కడ ఒక్క సీజనే, ఎక్కువగా బెంచీ మీదే. తర్వాత వెస్ట్ బ్రామ్, కార్డిఫ్. 2017 అక్టోబర్‌లో 35 ఏళ్లకు ఆట మానేశాడు. లివర్‌పూల్ వెళ్లడం తప్పని చాలామంది అంటారు. నేను అనలేను. కర్క్‌బీలో పుట్టిన పిల్లవాడికి ఆ ఎర్ర జెర్సీ అంటే ఏమిటో ఇక్కడ ఉండేవాళ్లకు తెలుసు.

వార్డీ కథ దీనికన్నా అరుదైనది. స్టాక్స్‌బ్రిడ్జ్‌లో వారానికి 30 పౌండ్లకు ఆడి, 2012లో ఫ్లీట్‌వుడ్ నుంచి లెస్టర్‌కి వెళ్లి, నాలుగేళ్లకు ప్రీమియర్ లీగ్ గెలిచాడు. కానీ అతనికి వేగం ఉంది, పైవాళ్లు వెతికేది అదే. అందుకే మీ ప్రశ్నకు లాంబర్టే సరైన జవాబు అన్నాను. ఇక మెజారిటీ స్ట్రయికర్ల బతుకు చూడాలంటే అడెబాయో అకిన్‌ఫెన్వాని చూడండి. ప్రీమియర్ లీగ్‌లో ఒక్క నిమిషం కూడా ఆడలేదు. లిథువేనియాలో మొదలుపెట్టి, ఎన్నో క్లబ్బులు తిరిగి, 2016 లీగ్ టూ ప్లేఆఫ్ ఫైనల్లో ఏఎఫ్‌సీ వింబుల్డన్ క్లబ్‌కి పెనాల్టీ గోల్ కొట్టి, 38 ఏళ్ల వయసులో వికమ్‌తో ఛాంపియన్‌షిప్‌లో అడుగుపెట్టాడు. నలభైకి రిటైరయ్యాడు. ఇది ఓడిపోయిన కెరీర్ అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను.

మా ఆదివారం జట్టుకి మూడేళ్ల కిందట ఒక పద్నాలుగేళ్ల పిల్లవాడు వచ్చాడు. ఒక అకాడమీ వాళ్లు ఫోన్‌లో రెండు నిమిషాలు మాట్లాడి వదిలేశారట. వాళ్ల నాన్న కారు దిగలేదు, స్టీరింగ్ మీద చేతులు పెట్టుకుని అలాగే కూర్చున్నాడు. పిల్లవాడు ఎత్తరి, నెమ్మది. అకాడమీలో ఒక వారం డిఫెన్స్, ఒక వారం మిడ్‌ఫీల్డ్. నేను చేసిందల్లా ఒక సీజన్ మొత్తం ముందు వరసలోంచి కదపకపోవడమే. మొదటి ఏడు మ్యాచ్‌లు గోల్ లేదు. ఎనిమిదో మ్యాచ్‌లో బంతి గాల్లో ఉండగా తల తిప్పి వెనక్కి చూడటం గమనించాను. ఇప్పుడు ఒక చిన్న నాన్-లీగ్ క్లబ్ యూత్ జట్టులో ఆడుతున్నాడు. ఎంత దూరం పోతాడో చెప్పలేను, ఎవరూ చెప్పలేరు.

ఒక్కటి మాత్రం మీ ప్రశ్నలో లేకపోయినా చెప్పాలనిపిస్తోంది. ఈ స్ట్రయికర్లను తయారుచేసే క్లబ్బులు వాళ్లను అమ్ముకునే బతుకుతాయి. రోచ్‌డేల్‌కి హోల్ట్ మీద 3 లక్షలు, లాంబర్ట్ మీద 2 లక్షలు, మరీ మీద 3 లక్షల పౌండ్లు వచ్చాయి. ఆ రోచ్‌డేల్ 2023లో లీగ్ టూ నుంచి కూడా పడిపోయింది. స్టాక్‌పోర్ట్ ఆరో అంచె దాకా జారి, మళ్లీ లేచి లీగ్ వన్‌కి వచ్చింది. బీట్‌రూట్ ఫ్యాక్టరీ రోజుల్లో లాంబర్ట్‌కి మొదట కాంట్రాక్టు ఇచ్చిన మాక్లస్‌ఫీల్డ్ టౌన్ అప్పులు తీర్చలేక 2020 సెప్టెంబర్‌లో కోర్టు ఆదేశంతో మూతపడింది. అదే మైదానంలో ఇప్పుడు కొత్త పేరుతో, కొత్త క్లబ్ ఆడుతోంది. కింది అంచెల నుంచి మళ్లీ ఎక్కుతోంది.